మా కాక కాపాడిన మచ్చ

వేసవి బ్యాచ్‌లు జోరుగా నడుస్తున్న రోజులు. అమీర్‌పేట మైత్రీవనంలోని మా కంప్యూటర్ ఇన్‌స్టిట్యూట్‌లో డెమో క్లాసుకి వచ్చినవాళ్లకు ఫారాలు పంచుతుండగా నా సెల్ మోగింది. చేసింది చిన్నమ్మ. ఆమె నాకెప్పుడూ ఫోన్ చేయదు, ఆ నంబర్లు నొక్కడం తనకు రాదని ఆమె వాదన. "మీ కాక పోయిండు బిడ్డా" అంది. "పొద్దుగాల చెట్టు కాడికి పోయొచ్చిండు. చాయ్ తాగిండు. కుర్చీల కూసున్నడు. గంతే." నా చేతిలో ఫారాలు అలాగే ఉన్నాయి. ఎవరో అమ్మాయి "మేడం, ఫీజు ఒకేసారి కట్టాలా?" అని అడుగుతోంది. ఆమెకు ఏం జవాబు చెప్పానో ఇప్పటికీ గుర్తు లేదు.

ఆయన నాకు సొంత కాక కాదు. మాది తణుకు, వాళ్లది మగ్గాల ఊరు సిరిసిల్ల. ఒక బోటనీ డిపార్ట్‌మెంటులో ముప్పై ఏళ్లు ల్యాబ్ అటెండరుగా చేసి రిటైరైన మనిషి. అమీర్‌పేట నుంచి పంజగుట్ట వైపు తిరిగే ఒక సందులో, రెండు గదుల ఇంట్లో, చిన్నమ్మతో ఉండేవారు. చిన్నమ్మ జాకెట్లు కుట్టేది, చీరలకు ఫాల్స్ వేసేది. ఈయన మధ్యాహ్నాలు గుండీలు కుట్టి పెట్టేవారు. మిగతా పొద్దంతా ఆయనకు ఒకటే పని. ఆ సందు చివర ఒక పాత బంగళా కాంపౌండ్ గోడను ఆనుకుని మామిడి చెట్టు ఉంది. దాని మాను మీద, మనిషి ఛాతీ ఎత్తున, పూరీ అంత బూడిద రంగు మచ్చ ఉంది. ఆ మచ్చను చూసుకోవడమే ఆయన పని.

మచ్చ అనేది సందులోవాళ్ల మాట. కాక దాన్ని "మా పిక్సీను" అనేవారు. అది లైకెన్. చెట్ల బెరడు మీద, మనలాంటి వేడి దేశాల్లో పెరిగే జాతి. పూర్తి పేరు పిక్సీన్ కోకోస్. మొదట్లో కొబ్బరి చెట్టు మీద చూశారు కాబట్టి ఆ పేరట. ఈ వివరాలన్నీ నాకు ఎలా తెలిశాయో చెప్పాలంటే, ముందు నేను చేసిన వెధవ పని చెప్పాలి.

వైటూకే అని ఊరంతా కంప్యూటర్ల వెంట పరుగెత్తిన కాలం. నేను తణుకు నుంచి వచ్చి, యూసుఫ్‌గూడలో ముగ్గురమ్మాయిలతో కలిసి గది తీసుకుని, ఈ ఇన్‌స్టిట్యూట్‌లో కౌన్సెలర్‌గా చేరాను. కౌన్సెలర్ అంటే గొప్పగా ఉంటుంది గానీ, వచ్చినవాళ్లను వదలకుండా చేర్పించడమే ఉద్యోగం. పోస్టర్లు ఎక్కడ అంటించాలో చెప్పడం కూడా నా పనే. అప్పటికి అమీర్‌పేటలో గోడ అనేది కనిపించేది కాదు. గోడ మీద ఒరాకిల్, దాని మీద జావా, జావా మీద శాప్. స్తంభాలూ చెట్లూ అంతే. అలాంటి ఊళ్లో ఒకరోజు ఆ సందులో నడుస్తూ, ఒక్క కాగితం కూడా లేని మామిడి మానును చూశాను. నాకు నిధి దొరికినట్టైంది. "అందరి కళ్లకూ ఎదురుగా ఉంది, ఎవరికీ తట్టలేదే" అని నా తెలివికి నేనే మురిసిపోయి, మర్నాడే మైదా జిగురుతో మా పోస్టర్ అంటించమని చెప్పాను. ఆ చెట్టు ఎందుకంత శుభ్రంగా ఉందో ఒక్క క్షణం ఆలోచించలేదు.

రెండు రోజులకు ఒక పెద్దాయన మా ఆఫీసుకు వచ్చి, అందరిలాగే టోకెన్ తీసుకుని, కుర్రాళ్ల మధ్య గంటసేపు కూర్చున్నారు. తెల్ల చొక్కా, జేబులో పెన్ను, చేతిలో మడిచిన కాగితం. ఆయన వంతు రాగానే నేను మొదలుపెట్టేశాను. "రండి బాబాయ్ గారూ, అబ్బాయికా, అమ్మాయికా? డిగ్రీ ఏంటండీ? జావా అయితే మూడు నెలలు..." ఆయన ఒక్క మాటకూ అడ్డు రాలేదు. ప్లేస్‌మెంట్ల దాకా అంతా విని, అప్పుడు చేతిలోని కాగితం విప్పి బల్ల మీద పెట్టారు. అది మా పోస్టర్ మూల ముక్క.

"నువ్వు మస్తు చెప్పినవ్ బిడ్డా" అన్నారు. "గీ కాగితం మీదే గదా? దీని కింద ఒక పాణమున్నది. జర వచ్చి సూస్తవా?"

సంజాయిషీ కూడా అడగలేదు ఆయన. ఆయన గొంతు పెంచి ఉంటే నేనూ పెంచేదాన్ని, అందులో నాకు మంచి పేరుంది. పెంచలేదు కాబట్టి బ్యాగ్ తీసుకుని వెనకాలే నడిచాను. దారిలో ఒకసారి ఆగి, "గీ బాబాయ్ గారంటె ఎవర్నో పిల్చినట్టున్నది. కాకా అను" అన్నారు.

ఆ మచ్చ చుట్టూ గీత గీయడం ఆయన ఏటా చేసే పని. రిటైరైన ఏడు మొదలుపెట్టారు. మృగశిర కార్తె వచ్చిన రోజు, వాళ్ల మాటలో మిరుగం నాడు, వాన పడకముందే వెళ్లి, మచ్చ మీద పారదర్శకమైన ప్లాస్టిక్ షీటు పరిచి, సన్నటి పెన్నుతో దాని అంచంతా గీసుకునేవారు. షీటు మూలన తేదీ, కింద "గీసినవారు" అని రాసి సంతకం. అప్పటికి ఐదు షీట్లయ్యాయి. ఆరో మిరుగానికి నెల కూడా లేదు. ఆ మచ్చ మీదే మా పోస్టర్ కరుచుకుని ఉంది.

"లాగేద్దాం కాకా" అన్నాను.

"లాగితె అది సుత వస్తది. చర్మం లెక్క అంటుకొని ఉంటది బెరడుకు. గోరు సుత దూరది."

కాక తమ పెళ్లిలో వాడిన పన్నీరు బుడ్డి తెచ్చారు. అందులో మంచినీళ్లు పోసి, చిలకరించి, జిగురు నానేదాకా ఆగి, వేలెడంత కాగితం తీయడం. మళ్లీ చిలకరించడం. మూడు రోజులు పట్టింది. నేను లంచ్ టైములో వెళ్లేదాన్ని. మొదటి రోజు సిగ్గుతో వెళ్లాను. రెండో రోజుకు సిగ్గు పోయి ఆదుర్దా పట్టుకుంది. బంగళా గోడ నీడలో నిలబడి, ఆయన ఆ కాగితాన్ని పోగు పోగుగా తీస్తుంటే, మగ్గం ఇంట్లో పుట్టిన చేతులంటే ఏమిటో తెలిసింది.

ఆ మూడు రోజుల్లోనే నా చదువంతా జరిగింది. అది ఒక్క ప్రాణి కాదని, రెండని చెప్పారు. ఒకటి శిలీంధ్రం, ఒకటి నాచు. "ఒకరు ఇల్లు కట్టిన్రు, ఒకరు వండి పెడుతున్నరు. చెట్టుకు వీళ్లు కిరాయిదార్లే. చెట్టుది ఒక్క మెతుకు ముట్టరు. మీ యూసుఫ్‌గూడ రూముల కన్న నయం." ఎండినప్పుడు అది బూడిద రంగులో ఉంటుంది, తడిస్తే లోపలి నాచు పైకి తేలినట్టు ఆకుపచ్చగా మారుతుంది. అంచుల్లో సన్నటి రేకులు, బియ్యపు గింజ కంటే సన్నం, కొస దగ్గర రెండుగా చీలి బయటికి పాకుతుంటాయి. మధ్యలో గరుకు. అక్కడక్కడ పౌడరు రాలినట్టు తెల్లటి పొడి. ఆ పొడి గాలికి ఎగిరి ఇంకో బెరడు మీద పడితే అక్కడ ఇంకో పిక్సీను. వీటితో పాటు కొన్ని నల్లటి చుక్కలు, ఆవగింజలో సగం. అవి శిలీంధ్రం బీజాల గిన్నెలు. బిర్యానీలో వేసే రాతిపువ్వు కూడా లైకెనే అని ఆయన చెబితే నేను నమ్మలేదు. "అది దీని అక్క" అన్నారు. "అక్క మస్తు వాసన. చెల్లెకు వాసన లేదు గని, మొండిది. నేనొచ్చినప్పుడు గీ చెట్టు మీద నాలుగు తీర్లుండె. సనత్‌నగర్ ఫ్యాక్టరీల పొగకు, బండ్ల పొగకు మూడు పోయినయ్. ఇదొక్కటి నిలబడ్డది."

మూడో రోజు చివరి ముక్కతో పాటు ఓ పక్క నాలుగు రేకులు ఊడి వచ్చేశాయి. కాగితం వెనక అంటుకున్న వాటి అడుగు భాగం నల్లగా ఉంది. చిరిగిన చోట లోపలి పొర తెల్లగా, కాస్త పసుపు ఛాయలో బయటపడింది. ఏడుపొచ్చింది నాకు. పూరీ అంత మచ్చ కోసం నడిరోడ్డు మీద ఏడుస్తానని ఎవరైనా అంతకు వారం ముందు చెప్పి ఉంటే నవ్వేదాన్ని.

మిరుగం నాడు షీటు పరిచి గీయడం మొదలుపెట్టారు. అంచు వెంటే వెళ్లి వెళ్లి, ఊడిన చోటికి వచ్చేసరికి పెన్ను లోపలికి తిరగబోయింది. నేను ఆపాను. నా ఉద్యోగం నాతో మాట్లాడించింది. మా దగ్గర చేరినవాళ్లకు డిగ్రీ తర్వాత ఒకటి రెండేళ్లు ఖాళీ ఉంటే, రెజ్యూమెలో ఆ గ్యాప్ కనిపించకుండా ఏదో కంపెనీ పేరు రాసి నింపడం నాకు అన్నం కలుపుకున్నంత అలవాటు. అమీర్‌పేటలో దాన్ని తప్పని ఎవరూ అనుకునేవాళ్లు కాదు.

"ఎలాగూ వచ్చే ఏడు పెరుగుతుంది కదా కాకా. నిరుటి గీతలాగే గుండ్రంగా కలిపేయండి. చూసేవాళ్లు ఎవరున్నారు? గ్యాప్ ఉంటే రికార్డంతా పాడుగా కనిపిస్తుంది."

ఆయన పెన్ను ఎత్తి నా వైపు చూశారు. "లేనిది గీస్తె, ఉన్నది సుత అబద్ధమైతది బిడ్డా" అన్నారు. తర్వాత మెల్లగా, ప్రతి చీలికా వదలకుండా, కొరికిన రొట్టె ఆకారంలో ఆ గాయాన్ని గీశారు. సంతకం పెట్టారు.

ఆ షీట్ల విషయంలో ఆయన పట్టుదలకు కారణం ఉందని నాకు తర్వాత చిన్నమ్మ చెప్పింది. సర్వీసులో ఉండగా కాలేజీ ఆవరణలో ఇలాగే ఒక చెట్టు మీద కొలతలు తీసి ఒక లెక్చరర్‌కు చూపిస్తే, ఆయన నవ్వి, "అటెండరు గీసిన గీతలు రికార్డెట్ల అయితయ్?" అని పక్కన పడేశారట. అందుకని ఈసారి ఒక్క గీత కూడా ఎవరూ తప్పు పట్టలేకుండా ఉండాలని ఆయన పంతం. ఒక్కసారి, ఎవరో ఒకరు చదువుకున్నవాళ్లు వాటిని రికార్డు అనాలి. ఆయనకు కావలసింది అంతే. అలాంటి దాని మీదే నేను పోస్టర్ అంటించాను, పైగా దొంగగీత గీయమని సలహా కూడా ఇచ్చాను.

ఆ వారం నా దగ్గర ఒకమ్మాయి రెజ్యూమె ఉంది. రెండేళ్లు ఖాళీ. నేనే ఆ రెండేళ్లకూ ఒక కంపెనీ పేరు రాసిచ్చాను. పిలిచి, "ఆ రెండేళ్లు నిజంగా ఏం చేశావ్?" అని అడిగితే, "అమ్మకు పక్షవాతం మేడం, నేనే చూసుకున్నా" అంది. అదే రాయమన్నాను. మా డైరెక్టర్ నన్ను పిలిచి బాగా వాయించాడు. ఆ అమ్మాయికి నాలుగు చోట్ల ఉద్యోగం రాలేదు, ఐదోది పంజగుట్టలో ఒక చిన్న ఆఫీసులో వచ్చింది. అందరి కంటే తక్కువ జీతం. కానీ ఆ తర్వాత నేను ఎవరి గ్యాపూ నింపలేదు. దీనికి నన్ను మెచ్చుకోవాల్సిన పని లేదు, ఆ పెన్ను ఎత్తి చూసిన చూపు గుర్తొచ్చి చెయ్యి సాగేది కాదు.

గాయం పూడటానికి మూడేళ్లు పట్టింది. షీట్లు ఒకదాని మీద ఒకటి పెట్టి కిటికీ వెలుగుకు ఎత్తి పట్టుకుంటే, గీత బయట గీత, ఆ నొక్కు ఏడాదికి కాస్త కాస్త పూడటం కనిపించేది. కాక నన్ను మిరుగం మిరుగానికీ పిలిచేవారు. గీత అయ్యాక ఇంకో తంతు ఉండేది. కిరాణా కొట్టు నుంచి దొంగనోట్లు పట్టే నీలి లైటు అడిగి తెచ్చి, తలమీద నల్లగుడ్డ కప్పుకుని, పాత ఫొటో స్టూడియో ఆయనలా మచ్చ ముందు నిలబడేవారు. ఆ లైటుకు పిక్సీను పసుపుపచ్చగా వెలుగుతుంది. బూడిదలాంటిది కాస్తా మేలిమి బంగారం. దీన్ని పోలిన కొన్ని లైకెన్లు అలా వెలగవట, అందుకని అది పిక్సీనే అనడానికి ఆ పరీక్ష. చిన్నమ్మను ప్రతి ఏడూ పిలిచేవారు, "జర వచ్చి సూడవే" అని. "నాకు ఆర్డర్లున్నయ్. నువ్వే సూస్కో నీ చెట్టు పెండ్లాన్ని" అనేది ఆమె.

ఒక ఏడు ఆయనకు జబ్బు చేసింది. జూన్ అంతా మంచం దిగలేదు. అప్పటికి నాకు పెళ్లయింది, కాన్పుకు తణుకులో ఉన్నాను. తిరిగొచ్చి చూస్తే ఫైల్లో ఒక ఖాళీ షీటు ఉంది. తేదీ ఉంది, సంతకం ఉంది. మధ్యలో ఏమీ లేదు. కింద "ఈ ఏడు గీయలేదు. నాకు చాతకాలేదు" అని రాసి ఉంది. దాన్ని చూసి నేను నవ్వాను. ఆయన నవ్వలేదు.

ఆ షీటు విలువ రెండేళ్లకు తెలిసింది. నగరంలో గాలి ఎలా ఉందో లైకెన్ల ద్వారా చూస్తున్న ఒక ప్రొఫెసర్ మేడం, ఎవరి ద్వారానో విని, ఆ రెండు గదుల ఇంటికి వచ్చారు. ఆ రోజు నేనూ ఉన్నాను. ఆమె కుట్టుమిషను పక్కన స్టూలు మీద కూర్చుని షీట్లు ఒక్కొక్కటే తిప్పుతుంటే, కాక నిలబడే ఉన్నారు. కూర్చోమంటే కూర్చోలేదు. ముప్పై ఏళ్ల అలవాటు. కొరికిన ఆకారం ఉన్న షీటు దగ్గర ఆమె ఆగారు.

"ఇక్కడ ఏమైంది?"

"పోస్టర్ పడ్డది మేడం."

"ఎవరిది?"

నేను తల వంచుకున్నాను. కాక నా వైపు చూడనైనా చూడలేదు. "ఊరిది మేడం" అన్నారు.

తర్వాత ఖాళీ షీటు వచ్చింది. ఆమె దాన్ని చదివి, వెనక్కి తిప్పి, మళ్లీ చదివారు. "ఇది ఉంది కాబట్టి మిగతావన్నీ నేను కళ్లు మూసుకుని నమ్ముతాను" అన్నారు. "ఇంత జాగ్రత్తగా ఉన్న రికార్డు మా స్టూడెంట్ల దగ్గర కూడా లేదండీ." రికార్డు అన్నారు. ఆ మాట వినగానే చిన్నమ్మ మిషను తొక్కడం ఆపింది. కాక మాత్రం "చాయ్ తాగుతరా మేడం" అని వంటగదిలోకి వెళ్లారు. చక్కెర డబ్బా ఎక్కడుందో తెలియనట్టు అక్కడే చాలాసేపు వెతుక్కున్నారు.

ఆ వర్షాకాలంలో మేడం తన ఎమ్మెస్సీ పిల్లల్ని ఆ చెట్టు కిందికి తీసుకొచ్చారు. కాక ఇస్త్రీ చొక్కా వేసుకున్నారు. ముప్పై ఏళ్లు క్లాసు అయ్యాక నల్లబల్ల తుడిచిన మనిషి, రోడ్డు మీద ఆటోల మోతలో గొంతు పెంచి, రేకులు ఎట్ల చీలుతయో, పొడి ఎందుకుంటదో, వాన పడకముందే ఎందుకు గీయాలో చెబుతుంటే పిల్లలు నోట్సు రాసుకున్నారు. ఒకమ్మాయి "సార్, ఇంకోసారి చెప్పండి" అంది. సార్ అంది! నేను అటు పక్క ఇరానీ కేఫ్ మెట్ల మీద నిలబడి, పక్కనున్న ముక్కూ ముఖం తెలియని ఆయనతో "మా కాక" అని చెప్పాను. అంత గర్వంగా ఆ మాట నా సొంత బాబాయిల గురించి కూడా ఎప్పుడూ అనలేదు. ఇప్పటికీ అదే గర్వం. ఆయన పెద్ద ఉద్యోగం ఏమీ చేయలేదు, ఏ పురస్కారమూ తీసుకోలేదు. ఉన్నదాన్ని ఉన్నట్టు గీశారు. ఈ ఊళ్లో, ఈ కాలంలో, అది చేసిన ఇంకో మనిషి నాకు తెలియదు.

ఆయన పోయిన మూడు వారాలకు మిరుగం వచ్చింది. చిన్నమ్మే ఫోన్ చేసింది, నంబరు తనే నొక్కి. "గీయవా?" అంది. పదమూడు షీట్ల ఫైలూ, పెన్నూ, నల్లగుడ్డా సంచిలో పెట్టుకుని నాతో పాటు సందు చివరిదాకా నడిచింది. మామిడి మాను మీద ఇప్పటికీ ఒక్క కాగితం లేదు. షీటు పరిచి గీశాను. ఊడి పూడిన చోట కొత్త రేకులు మిగతా వాటికంటే కొద్దిగా లేతగా ఉన్నాయి, తెలిసినవాళ్లకే కనబడతాయి. ఒకచోట నా చెయ్యి జారి గీత పక్కకు పోయింది. దిద్దలేదు. మూలన తేదీ రాసి, "గీసినవారు" అన్నచోట మొదటిసారి నా పేరు రాసి, కింద "ఒకచోట చెయ్యి జారింది" అని రాశాను.

కిరాణా కొట్టాయన అడగకుండానే నీలి లైటు తెచ్చిచ్చాడు. నల్లగుడ్డ కప్పుకుని చూశాను. వెలిగింది. గుడ్డ తీసి చిన్నమ్మకు అందించాను. ఆర్డర్లున్నాయని అనలేదు. తలమీద కప్పుకుని, లైటు పట్టుకుని, మానుకు దగ్గరగా జరిగింది.

"ఓయమ్మా" అని వినపడింది లోపల్నుంచి. తర్వాత మెల్లగా, నాతో కాదు, "పదమూడేండ్లు పిలిస్తివి గదయ్యా."

మొదటి చినుకులు పడుతున్నాయి. చెట్టు అవతలి పక్క బెరడు తడిసి నల్లబడుతోంది. "రండి చిన్నమ్మా, తడుస్తారు" అన్నాను. ఆమె కదల్లేదు. గుడ్డ కింద నుంచి ఆమె చెప్పులూ, చీర అంచూ మాత్రం కనిపిస్తున్నాయి.